రైల్వే ఆధునికీకరణపై లఘు చిత్రం తీయడం ఎలా: విషయం ఎంచుకోవడం నుంచి ప్లాట్‌ఫాం మీది తెర వరకు

రైల్వేలో వస్తున్న మార్పుల్లో కెమెరాకు సులువుగా దొరికేవి కొన్నే. కొత్త తెల్లని బండి, అద్దాల స్టేషను, ఎస్కలేటరు ఎవరు తీసినా బాగానే కనిపిస్తాయి. పట్టాను పట్టాకు అతికించిన వెల్డింగు, పట్టాల కింద అడ్డంగా పరిచే స్లీపరు మీద బిగించిన అరచేతిలో పట్టే ట్యాగు, స్టేషన్ మాస్టరు గదిలో లీవర్లు పోయి వాటి చోటికి వచ్చిన మానిటరు మాత్రం కంటికి ఆనవు. పైగా అవన్నీ సక్రమంగా పనిచేసిన రోజున చూపడానికి ఏమీ ఉండదు, ఎందుకంటే ఆ రోజు ఏమీ జరగదు. ఏమీ జరగకపోవడాన్ని తెర మీద చూపించగలగడమే ఈ పనిలోని అసలు కష్టం. ఈ మార్గదర్శి ఎక్కువగా ఆ కష్టం గురించే. నలుగురైదుగురు సభ్యులున్న చిన్న బృందం, ఒకటి రెండు కెమెరాలు, ఐదు నుంచి ఎనిమిది నిమిషాల నిడివి అన్న అంచనాతో దీన్ని రాస్తున్నాను. ఉదాహరణలు భారతీయ రైల్వేలవి, అందులోనూ సికింద్రాబాద్ కేంద్రంగా ఉన్న దక్షిణ మధ్య రైల్వేవే ఎక్కువ.

ఈ పని కొత్తదేమీ కాదు. బ్రిటన్‌లో 1948 జనవరి 1న రైల్వేలను జాతీయం చేశారు, మరుసటి ఏడాదే అక్కడి రవాణా కమిషన్ బ్రిటిష్ ట్రాన్స్‌పోర్ట్ ఫిల్మ్స్ అనే సొంత చిత్ర విభాగాన్ని పెట్టుకుంది. ఆవిరి ఇంజన్లను తొలగించి డీజిల్, విద్యుత్ ఇంజన్లను తేవడానికి 1955లో 124 కోట్ల పౌండ్ల అంచనాతో ఆధునికీకరణ ప్రణాళికను ప్రకటించారు. ఆ మార్పును ప్రజలకు చెప్పే పనిలో ఈ విభాగం చిత్రాలు తోడు నిలిచాయి. వాటిలో 1963 నాటి ‘స్నో’ను పని మొదలుపెట్టే ముందు ఒకసారి చూడటం మంచిది. ఎనిమిది నిమిషాల ఆ చిత్రంలో వ్యాఖ్యానం ఒక్క మాట కూడా ఉండదు. బయట మంచును పారలతో తోసే కార్మికులు, లోపల వెచ్చగా కూర్చున్న ప్రయాణికులు, క్రమంగా వేగం పెరిగే కూర్పు, అంతే. ఆ శైలిని మనం తెచ్చుకోనక్కరలేదు, మన దగ్గర ఆ మంచూ లేదు. అయితే గొప్పలు ఒక్కటీ చెప్పకుండా గౌరవాన్ని రాబట్టవచ్చునన్న సంగతి అక్కడ స్పష్టంగా తెలుస్తుంది.

మొదటి అడుగు: ఒకే ఒక్క మార్పును ఎంచుకోవడం

‘రైల్వే ఆధునికీకరణ’ అనేది చిత్రానికి విషయం కాదు, శాఖ పేరు లాంటిది. విద్యుదీకరణ, వందే భారత్, బళ్ళు ఢీకొనకుండా తనంతట తానే ఆపే కవచ్ వ్యవస్థ, స్టేషన్ల పునరభివృద్ధి, మూడో లైను, అన్నీ కలిపి ఆరు నిమిషాల్లో కూరితే చూసేవారికి ప్రభుత్వ ప్రకటన చూసినట్టే ఉంటుంది, చివరికి ఏదీ గుర్తుండదు. కాబట్టి ఒకే మార్పును తీసుకోవాలి.

ఎంపికకు నేను వాడే పరీక్ష ఒకటుంది. ఈ పనిని ఇంతకు ముందు ఎవరు, ఏ చేత్తో చేసేవారు, ఇప్పుడు ఆ చెయ్యి ఏం చేస్తోంది? ఈ ప్రశ్నకు జవాబు దొరికితే చిత్రం ఉన్నట్టు, దొరకకపోతే ఇంకా లేనట్టు. ఒంటి లైను మీద బండి ఆగకుండా వెళ్తున్నప్పుడు బెత్తపు వలయానికి తగిలించిన టోకెన్ బంతిని, అంటే ముందున్న లైను మీదికి వెళ్ళే అనుమతిని, డ్రైవరు చేతికి అందించిన పాయింట్స్‌మన్ ఉండేవాడు. లీవర్ లాగి దూరాన ఉన్న సిగ్నల్ రెక్కను వంచిన క్యాబిన్ మనిషి ఉండేవాడు. ఈ రోజు అదే పని ఒక మౌస్ నొక్కుతో జరుగుతోంది. పాత చేతిని, కొత్త చేతిని పక్కపక్కన చూపితే, సిగ్నళ్ళను పట్టాల మళ్ళింపులతో కంప్యూటరు ముడిపెట్టి నడిపే ఎలక్ట్రానిక్ ఇంటర్‌లాకింగ్ అంటే ఏమిటో సగం చెప్పినట్టే.

పాత చేతిని తెర మీదికి తేవడానికి నాటకీకరణ అవసరం లేదు, చాలాసార్లు అది తేలిపోతుంది కూడా. ఢిల్లీ చాణక్యపురిలో 1977 నుంచి ఉన్న జాతీయ రైలు మ్యూజియం లాంటి చోట్ల పాత పరికరాలు చూడవచ్చు. అంతకంటే మేలైన దారి పదవీ విరమణ చేసిన ఉద్యోగి. ఆయన చేతిలో ఏమీ లేకపోయినా, గాలిలో లీవర్ పట్టుకుని లాగి చూపించేటప్పుడు భుజం ఎలా కదులుతుందో గమనించండి. ఇన్నేళ్ళ తరవాత కూడా ఆ బరువు ఆయన ఒంట్లోనే ఉంటుంది.

రెండో అడుగు: లెక్కలు, తేదీలు, క్రియాపదాలు

రైల్వే గురించి తీసిన చిత్రాల్లో తప్పులు ఎక్కువగా అంకెల్లో ఉండవు, క్రియాపదాల్లో ఉంటాయి. మంజూరైంది, టెండరు పిలిచారు, శంకుస్థాపన జరిగింది, పని నడుస్తోంది, పూర్తయింది, వాడకంలోకి వచ్చింది: ఈ ఆరు మాటలూ ఆరు వేర్వేరు దశలు. సికింద్రాబాద్ స్టేషన్ పునరభివృద్ధికి 2023 ఏప్రిల్ 8న శంకుస్థాపన జరిగింది. అమృత్ భారత్ పథకం కింద బేగంపేట, కరీంనగర్, వరంగల్, సూళ్ళూరుపేటతో సహా దేశంలోని 103 స్టేషన్లు 2025 మే 22న ప్రారంభమయ్యాయి. మొదటిదాని గురించి రాసేటప్పుడు వాడే క్రియ, రెండోదాని గురించి రాసేటప్పుడు వాడే క్రియ ఒకటి కాకూడదు. నమూనా చిత్రాన్ని కట్టిన భవనంలా చూపడం కూడా ఇదే తప్పు కిందికి వస్తుంది. కంప్యూటరులో గీసిన బొమ్మ వాడితే, అది రాబోయే రూపమని తెర మీద రాయాలి.

అంకె చెప్పిన ప్రతిసారీ దాన్ని కంటికి కనిపించే కొలతకు ముడిపెట్టాలి. కవచ్ వ్యవస్థను ఉదాహరణగా తీసుకుందాం. 2022 మార్చి 4న సికింద్రాబాద్ డివిజన్‌లో గుల్లగూడ, చిట్టిగిద్ద స్టేషన్ల మధ్య పరీక్ష జరిగింది. ఒకే లైను మీద రెండు ఇంజన్లను ఎదురెదురుగా నడిపారు, ఒకదానిలో రైల్వే మంత్రి అశ్వినీ వైష్ణవ్ ఉన్నారు. ఎదుటి ఇంజనుకు 380 మీటర్ల దూరంలో కవచ్ తనంతట తానే బండిని ఆపింది. వ్యాఖ్యానంలో ‘380 మీటర్లు’ అని చదివితే వినేవారి మనసులో ఏ బొమ్మా కట్టదు. 24 మీటర్ల పెట్టెలు పదహారు కలిస్తే 384 మీటర్లు, అంటే పదహారు పెట్టెల వందే భారత్ పొడవు. ప్లాట్‌ఫాం మీద నిలిచిన ఆ బండిని ఒక కొస నుంచి మరో కొస దాకా నడుస్తూ ఒకే షాట్‌లో తీయండి. రెండు ఇంజన్ల మధ్య మిగిలిన జాగా ఎంతో చూసేవారు తమ కాళ్ళతో కొలిచినట్టు ఉంటుంది. ‘ప్రమాదం జరగలేదు’ అనే మాటకు ఇంతకంటే మంచి బొమ్మ నాకు తట్టలేదు.

కవచ్ పనితీరును చెప్పాలంటే వరసగా నాలుగు క్లోజప్‌లు చాలు. పట్టాల నడుమ స్లీపరుకు బిగించిన ట్యాగును ఇంజను చదివి తానెక్కడున్నదో తెలుసుకుంటుంది. స్టేషను దగ్గరి టవరు నుంచి సిగ్నల్ సమాచారం రేడియో ద్వారా ఇంజనుకు చేరుతుంది. లోకో పైలట్ ఎదుట ఉన్న చిన్న తెర మీద ముందున్న సిగ్నల్ రంగు, వెళ్ళదగిన వేగం కనిపిస్తాయి. ఆయన బ్రేకు వేయకపోతే యంత్రమే వేస్తుంది. ట్యాగు, టవరు, తెర, బ్రేకు: ఈ క్రమం తప్పకూడదు. వాన రాత్రి మలుపు చాటున ఉన్న ఎర్ర సిగ్నల్ ఇంకా కంటికి కనపడకముందే క్యాబులోని తెర మీద కనపడే క్షణం దొరికితే, ఆ నాలుగింటికీ అదే కిరీటం.

మూడో అడుగు: అనుమతులు

ఇది విసుగు పుట్టించే భాగం, కానీ దీన్ని దాటవేసినవారి చిత్రాలు సగంలోనే ఆగిపోతాయి. స్టేషను, బండి, యార్డు, ఏదైనా రైల్వే ఆవరణే. టికెట్టో ప్లాట్‌ఫాం టికెట్టో ఉంటే లోపలికి వెళ్ళే హక్కు వస్తుంది, ట్రైపాడ్ పెట్టి చిత్రీకరించే హక్కు రాదు. ఒకే జోన్ పరిధిలో తీసేటట్లయితే ఆ జోన్ ముఖ్య ప్రజాసంబంధాల అధికారి కార్యాలయానికి దరఖాస్తు చేయాలి. ఒకటి కంటే ఎక్కువ జోన్లు ఉంటే విషయం రైల్వే బోర్డు దాకా వెళ్తుంది. సమాచార, ప్రసార శాఖ పరిధిలోని ఇండియా సినీ హబ్ పోర్టల్‌ను కూడా చూడండి. స్క్రిప్టు, బృందం వివరాలు, తేదీలు, చోట్లు, సామగ్రి జాబితా, బీమా పత్రం, లైసెన్సు రుసుము, ధరావతు, నష్టపరిహార హామీ పత్రం, ఇవన్నీ అడుగుతారని ముందే అనుకుని సిద్ధం చేసుకోవడం మేలు.

స్క్రిప్టు అంటే ఇక్కడ కవిత్వం కాదు. ఏ ప్లాట్‌ఫాం, ఏ వేళ, ఎంతసేపు, ఎందరు, కెమెరా పట్టాల వైపు ఎంత దూరంలో ఉంటుంది అన్నవి రాయాలి. ‘స్టేషనులో ఉదయపు దృశ్యాలు’ అని రాసిన దరఖాస్తు కంటే ‘ఒకటో ప్లాట్‌ఫాం, పాదచారుల వంతెన మెట్ల దగ్గర, ఉదయం 6 నుంచి 7.30 వరకు, చేతి కెమెరా ఒకటి’ అని రాసినదానికి సంతకం త్వరగా పడుతుంది. సంతకం పెట్టే అధికారి తన మనసులో ఆ దృశ్యాన్ని ఊహించుకుని, ఇబ్బంది ఏదీ లేదని తేల్చుకోవాలి కదా.

ఉద్యోగులతో మాట్లాడించాలంటే ఆ సంగతిని విడిగా రాయించుకోవాలి. రైల్వే ఉద్యోగుల ప్రవర్తనా నియమాల ప్రకారం వారు అనుమతి లేకుండా మాధ్యమాలతో మాట్లాడకూడదు. మీ ఉత్సాహంలో వారి ఉద్యోగానికి చిక్కు తెచ్చిపెట్టకండి. డ్రోను వాడేటట్లయితే 2021 డ్రోన్ నియమాల ప్రకారం గగనతల పటంలో ఆ ప్రాంతం ఏ రంగులో ఉందో చూసుకోవాలి, అది సరిపోయినా రైల్వే అనుమతి మళ్ళీ వేరు. సికింద్రాబాద్ చుట్టుపక్కల బేగంపేట విమానాశ్రయం ఉందని మరవవద్దు.

నాలుగో అడుగు: ప్రాణం, ఆ తరవాతే షాటు

విద్యుదీకరించిన లైన్ల మీద తీగలో 25 వేల వోల్టులు ఉంటాయి. తాకితేనే ప్రమాదమని అనుకోవడం పొరపాటు, రెండు మీటర్ల లోపుకు వెళ్ళడమే ప్రమాదం. మైకు కడ్డీ, అల్యూమినియం నిచ్చెన, సెల్ఫీ కర్ర, ఎత్తుగా పట్టుకున్న గొడుగు, వీటిలో ఏది పైకి లేచినా మనిషి చెయ్యి అంత పొడుగైనట్టే. పాదచారుల వంతెన మీద, గూడ్సు బళ్ళ పక్కన ఈ జాగ్రత్త రెట్టింపు కావాలి. మైకు కడ్డీని అసలు తీసుకుపోకుండా చొక్కాకు తగిలించే మైకులతోనే పని కానివ్వమని నా సలహా.

పట్టాల మీద నడవడం రైల్వే చట్టం 147వ సెక్షన్ కింద నేరం. చట్టం సంగతి అటుంచి, వెనక నుంచి వచ్చే విద్యుత్ బండి చప్పుడు చాలా ఆలస్యంగా వినిపిస్తుంది. ట్రాక్ పక్కన అనుమతితో తీసేటప్పుడు రైల్వే వారు పంపిన మనిషి బృందంతో ఉండాలి, బండి వస్తోందని ఆయన చెప్పగానే షాటు మధ్యలో ఉన్నా పక్కకు తప్పుకోవాలి. కెమెరామన్ కన్ను ఒక చిన్న చతురస్రంలో ఉంటుంది, చెవుల్లో హెడ్‌ఫోన్లు ఉంటాయి. అంటే చూపూ వినికిడీ రెండూ కట్టేసిన మనిషి. అతని భుజం మీద చెయ్యి వేసి నిలబడే పని తప్ప వేరే పనేదీ లేని ఒక మనిషిని పెట్టండి. ఇక మీ చిత్రంలో ఎవరూ ఫుట్‌బోర్డు మీద వేలాడకూడదు, పట్టాలు దాటకూడదు. అందంగా వచ్చినా సరే, ఆ షాటును కోసేయాలి.

ఐదో అడుగు: చిత్రీకరణ

ముందు రెక్కీ. కెమెరా లేకుండా ఒక పూటంతా స్టేషనులో కూర్చోండి. ఏ బండి ఏ లైను మీదికి వస్తుంది, ఎండ ఎటు నుంచి పడుతుంది, స్పీకరు ఏ స్తంభానికి ఉంది, గూడ్సు బండి ఆగితే మీ దృశ్యానికి ఏది అడ్డమవుతుంది, ఇవి రాసుకోవాలి. టైంటేబుల్‌ను నమ్మి చిత్రీకరణ పెట్టుకున్న రోజున మా బృందం ఒకసారి మూడు గంటలు వేరుశనక్కాయలు తింటూ గడిపింది. బండి వచ్చింది, కానీ అప్పటికి సూర్యుడు వెళ్ళిపోయాడు.

వేగంగా వెళ్ళే బండిని తీయడానికి ముందు లెక్క వేసుకోవాలి. గంటకు 130 కిలోమీటర్ల వేగమంటే సెకనుకు 36 మీటర్లు. 384 మీటర్ల బండి మీ ముందు నుంచి పూర్తిగా దాటిపోవడానికి దాదాపు పదిన్నర సెకన్లు పడుతుంది. ఆ పదిన్నర సెకన్ల కోసం ఆ పూటంతా వచ్చినట్టు. కాబట్టి ఫోకసు, ఎక్స్‌పోజరు ముందే స్థిరపరచి, ఆటోమేటిక్ అన్నదల్లా ఆపేయాలి. తెల్లని బండి చట్రంలోకి రాగానే కెమెరా తనంతట తాను వెలుతురు తగ్గిస్తే, ఆకాశం ఒక్కసారిగా నల్లబడుతుంది. ఆ తప్పును తరవాత సరిదిద్దడం కష్టం.

పట్టాలకు లంబంగా నిలబడి దగ్గరి నుంచి తీస్తే, సాధారణ డిజిటల్ కెమెరాల్లో కిటికీల నిలువు గీతలు పక్కకు వాలినట్టు వస్తాయి. సెన్సారు చిత్రాన్ని పై వరస నుంచి కింది వరస దాకా ఒక్కొక్కటిగా చదవడం వల్ల ఇలా అవుతుంది. దూరంగా జరిగి, ఏటవాలు కోణంలో, బండి మీ వైపు వస్తున్నట్టుగా తీస్తే ఆ వంకర చాలామటుకు కనపడదు. మరో చిక్కు దీపాలతో వస్తుంది. మన దగ్గర విద్యుత్తు 50 హెర్ట్జ్ కాబట్టి సెకనుకు 25 ఫ్రేములు, యాభయ్యో వంతు షట్టరు పెట్టుకుంటే ప్లాట్‌ఫాం దీపాల మినుకు చాలావరకు తప్పుతుంది. బళ్ళ వివరాలు చూపే ఎల్ఈడీ బోర్డుల మీద మాత్రం అప్పటికీ నల్లపట్టీలు కదలవచ్చు. షట్టరును కొద్దికొద్దిగా మారుస్తూ రెక్కీ రోజునే పరీక్షించుకోవాలి. రాయలసీమలో మే నెల ఎండల్లో పొడుగు లెన్సుతో మధ్యాహ్నం పూట తీయవద్దు. కంకర మీద నుంచి లేచే వేడికి దూరపు బండి నీళ్ళలో బొమ్మలా వణుకుతుంది. ఒక్కోసారి అదే కావాలనిపించవచ్చు, కానీ అది మీరు కోరుకుని తెచ్చుకున్నదై ఉండాలి.

విద్యుదీకరణ మీద తీసేవారికి ఒక చిన్న రహస్యం. బండి పైనున్న తీగ పట్టాలకు సరిగ్గా నడిమధ్యగా వెళ్ళదు. స్తంభం నుంచి స్తంభానికి కొంచెం ఎడమకు, కొంచెం కుడికి వంకలు తిరుగుతూ పోతుంది. సూటి దారిలో ఇటు 20, అటు 20 సెంటీమీటర్ల వరకు ఆ వంక ఉంటుంది. ఎప్పుడూ ఒకే చోట రాసుకుంటే, ఇంజను పైన తీగను తాకి విద్యుత్తు తీసుకునే పాంటోగ్రాఫ్ పట్టీ అక్కడే గాడిపడి అరిగిపోతుంది, అందుకని దాన్ని ఈ చివరి నుంచి ఆ చివరి దాకా సమంగా అరగదీసే ఏర్పాటిది. పాదచారుల వంతెన మీద నుంచి, తీగకు దూరంగా, పొడుగు లెన్సుతో లైను వెంట చూస్తే ఆ వంకలన్నీ దగ్గరగా ముడుచుకుని స్పష్టంగా కనిపిస్తాయి. ఇరవై ఏళ్ళు ఆ బళ్ళలో తిరిగినవారు కూడా దీన్ని చూసి ఉండరు. చిత్రాన్ని ఇలాంటి షాటుతో మొదలుపెడితే, తెలిసిన రైలే కొత్తగా కనిపిస్తుంది.

మనుషుల విషయానికి వస్తే, అధికారి ముఖాముఖి ఒక్కటి చాలు, అదీ ముప్పై సెకన్లు. మిగిలిన సమయమంతా రోజూ పట్టాల వెంట నడిచి బిగింపులు చూసే కీమన్‌కు, ట్రాక్ మీద పనిచేసేవారికి, సిగ్నల్ విభాగం టెక్నీషియన్‌కు, లోకో పైలట్‌కు ఇవ్వండి. వారిని కుర్చీలో కూర్చోబెట్టి ‘ఆధునికీకరణ గురించి మీ అభిప్రాయం చెప్పండి’ అంటే, కాగితంలో చదివిన మాటలే చెబుతారు. పనిచేస్తుండగా అడగాలి, చిన్న ప్రశ్న అడగాలి. ‘అన్నా, ఇదివరకు ఈ బోల్టుకు ఎంతసేపు పట్టేది?’ అంటే ఆయన చెయ్యి ముందు జవాబు చెబుతుంది, మాట తరవాత వస్తుంది.

ఆరో అడుగు: శబ్దం

రైలు మీద తీసిన చిత్రాల్లో నూటికి తొంభై శబ్దం దగ్గరే అబద్ధమాడతాయని నా అభిప్రాయం. మొదట్లో నేనూ ఆడాను. కొత్తగా వేసిన లైను మీద తీసిన దృశ్యాలకు, నా దగ్గరున్న పాత రికార్డింగు నుంచి ‘టకటక్, టకటక్’ అనే చప్పుడును జతచేశాను. రైలంటే అదే కదా అనుకున్నాను. ఆ చిత్రాన్ని ఒక చిన్న స్టేషను పక్కన కొందరికి వేసి చూపినప్పుడు, పట్టాల మరమ్మతు పని చేసి విరమణ పొందిన ఒక గ్యాంగ్‌మన్ చివరిదాకా ఓపిగ్గా చూసి అన్నాడు: “బాబూ, ఆ చప్పుడు పోగొట్టడానికే కదా మేం అంత చాకిరీ చేసింది. దాన్ని మళ్ళీ తెచ్చి పెట్టావేం?”

ఆయన అన్నది అక్షరాలా నిజం. పాత పద్ధతిలో 13 మీటర్ల పట్టాలను ఫిష్‌ప్లేట్లతో, బోల్టులతో కలిపేవారు. రెండు పట్టాల నడుమ వదిలిన సందు మీదుగా చక్రం దూకినప్పుడల్లా చప్పుడయ్యేది. గంటకు 60 కిలోమీటర్ల వేగంలో ఆ సందులు సెకనుకు ఒకటి కంటే కాస్త ఎక్కువగా వస్తాయి, మన పాటల్లో వినిపించే రైలు తాళం అక్కడి నుంచి పుట్టిందే. ఇప్పుడు పట్టాలను పొడవునా వెల్డ్ చేస్తున్నారు. సందులు పోయాయి, తాళమూ పోయింది. ఒక లైను నుంచి మరో లైనుకు బండి మళ్ళే పాయింట్ల మీద, సిగ్నళ్ళ కోసం పట్టాలో విద్యుత్తును తెంచే ఇన్సులేషన్ కీళ్ళ దగ్గర మాత్రం ఇంకా ఆ చప్పుడు మిగిలి ఉంది. ఈ తేడానే చిత్రంగా మార్చవచ్చు. పాత చప్పుడుతో మొదలుపెట్టి, వెల్డింగు నిప్పురవ్వల దగ్గర దాన్ని తెంచేసి, ఆ తరవాత వెల్డ్ చేసిన పట్టాల మీది సన్నని జారుడు శబ్దాన్ని మాత్రమే వినిపించండి. ఒక్క మాట వ్యాఖ్యానం అక్కరలేదు.

పోయిన శబ్దాల్లో మరొకటి జనరేటరు హోరు. ఎల్‌హెచ్‌బీ అనే కొత్త తరహా పెట్టెల బళ్ళ చివర ఉండే పవర్‌కారులో డీజిల్ జనరేటరు మోగుతుంటే ప్లాట్‌ఫాం మీద పక్కనున్న మనిషి మాట వినపడేది కాదు. ఇప్పుడు చాలా బళ్ళలో దీపాలకు, ఏసీకి కావలసిన విద్యుత్తును ఇంజను పై తీగ నుంచే తీసుకుని వెనక పెట్టెలకు అందిస్తోంది. అదే ప్లాట్‌ఫాం కొసన నిలబడి ఇద్దరు మామూలు గొంతుతో మాట్లాడుకోవడాన్ని తీస్తే, ఆ మార్పు ఫలితం అదే.

కాబట్టి శబ్దాల కోసం ప్రత్యేకంగా ఒక రోజు కేటాయించాలి. ఆ రోజు కెమెరా బయటికి తీయకూడదు. పాయింటు మోటారు తిరగడం, బ్రేకు గాలి వదలడం, వెండరు కేక, తెలుగు, హిందీ, ఇంగ్లిషుల్లో వరసగా వచ్చే ప్రకటన, ఏ బండీ లేనప్పటి ప్లాట్‌ఫాం నిశ్శబ్దం: ఒక్కొక్కటి కనీసం రెండు నిమిషాలు రికార్డు చేసుకోండి. కూర్పు గదిలో ఆ నిశ్శబ్దమే ఎక్కువసార్లు పనికొస్తుంది.

ఏడో అడుగు: వ్యాఖ్యానం, కూర్పు

‘అత్యాధునిక సాంకేతిక పరిజ్ఞానంతో ప్రపంచస్థాయి ప్రమాణాలకు అనుగుణంగా ప్రయాణికులకు మెరుగైన సేవలు అందించే దిశగా వడివడిగా అడుగులు’ అన్న వాక్యంలో వందే భారత్ బదులు ఆసుపత్రినో మున్సిపాలిటీనో పెట్టినా తేడా రాదు. ఎక్కడైనా అతికే వాక్యం ఎక్కడా పనికిరాదు. వ్యాఖ్యానం రాశాక ప్రతి వాక్యానికీ ఈ పరీక్ష పెట్టి, నిలవనివాటిని కొట్టేయండి. దానికి బదులు ఇలా రాయవచ్చు: ‘ఈ బండికి ముందు ఇంజను లేదు. మోటార్లు పెట్టెల కిందే ఉన్నాయి.’ రెండు చిన్న వాక్యాలు, రెండూ చూపదగినవి. తెర మీద కనిపిస్తున్నదాన్ని మాటల్లో మళ్ళీ చెప్పవద్దు. గొంతుకు కూడా యాస ఉండనివ్వండి. వికారాబాద్ వైపు ట్రాక్ మనిషి మాటను ‘శుద్ధి’ చేసి మరొకరితో డబ్బింగ్ చెప్పించడం కంటే పెద్ద తప్పు ఉండదు.

కూర్పులో పనుల నిడివిని గౌరవించాలి. వెల్డింగుకు పట్టే సమయాన్ని మూడు సెకన్లకు కుదిస్తే అది మంత్రంలా కనిపిస్తుంది, పనిలా కనిపించదు. కనీసం ఒక్క పనినైనా మొదటి నుంచి చివరి దాకా, ఓపికగా చూపండి. చిత్రంలో అన్ని చోట్లా వేగం ఉంటే వేగం అన్నది ఎవరికీ తెలియదు.

ఇక ఇష్టం లేకపోయినా చేయవలసినది ఒకటుంది. జనం ఇప్పటికీ పడుతున్న ఇబ్బందికి చిత్రంలో చోటివ్వడం. జనరల్ పెట్టెలో కాలు పెట్టే చోటు లేని ప్రయాణికుడికి, మెరిసే కొత్త బండి చిత్రాన్ని చూపితే నవ్వుతాడు, ఆ నవ్వులో న్యాయముంది. బ్రాడ్‌గేజ్ లైన్ల మీద కాపలా లేని లెవెల్ క్రాసింగులను 2019 జనవరి నాటికి తొలగించారు, అది నిజంగా ప్రాణాలు కాపాడే మార్పు. అయితే వాటికి బదులు కట్టిన అండర్‌పాస్‌లలో కొన్నిచోట్ల వానాకాలంలో మోకాలి లోతు నీళ్ళు నిలుస్తాయని ఆ ఊరి రైతుకు తెలుసు. ఆయన చేత ఆ ఒక్క మాట అనిపించి, దాన్ని అలాగే ఉంచితే, మీరు చెప్పిన మిగతా మాటలను ఆయన నమ్ముతాడు. డబ్బిచ్చినవారు దాన్ని తీసేయమనవచ్చు. అప్పుడు వాదించడానికి నాకు పనికొచ్చే మాట ఇదే: ఫిర్యాదు లేని చిత్రాన్ని జనం ప్రకటన అనుకుని దాటేస్తారు, ఫిర్యాదు ఉన్నదాన్ని నిలబడి చూస్తారు.

ఎనిమిదో అడుగు: ఎక్కడ, ఎవరికి చూపాలి

ఒకే చిత్రాన్ని అన్ని తెరల మీదా వేయలేము. స్టేషన్లలోని టీవీ తెరలకు చాలాచోట్ల శబ్దం ఉండదు, ఉన్నా ప్రకటనల హోరులో వినపడదు. వాటి కోసం నిమిషం లోపు నిడివితో, మాట లేకుండానే అర్థమయ్యే కూర్పు ఒకటి వేరుగా చేయాలి. అక్షరాలు పెద్దవిగా, ఒక్కసారికి ఏడెనిమిది మాటలు మించకుండా ఉండాలి. ఫోన్ల కోసం నిలువు చట్రంలో మరొకటి కావాలి. దీనికోసం చిత్రీకరణ సమయంలోనే ముఖ్యమైన వస్తువును చట్రం నడుమ ఉంచుకుని తీయాలి, తరవాత కత్తిరిస్తే ఇంజనుకు ముక్కు మిగలదు. పూర్తి నిడివి చిత్రం కళాశాలలకు, చిత్రోత్సవాలకు, రైల్వే శిక్షణ సంస్థలకు పనికొస్తుంది.

భాషల సంగతి కూడా మొదట్లోనే తేల్చుకోవాలి. దక్షిణ మధ్య రైల్వే బళ్ళు తెలుగు నేలతో ఆగవు, మహారాష్ట్ర, కర్ణాటకల్లోకీ వెళ్తాయి. తెలుగు చిత్రానికి మరాఠీ, కన్నడ, హిందీ ఉపశీర్షికలు ఉంటే దాని ప్రయాణం పెరుగుతుంది. అటువైపు చూస్తే, పశ్చిమ బెంగాల్‌లోని ఖరగ్‌పూర్ లాంటి రైల్వే పట్టణంలో తరతరాలుగా స్థిరపడిన తెలుగు కుటుంబాలు ఉన్నాయి. వారి ఇళ్ళలో తాతల నుంచి మనవల దాకా రైల్వే పనే జీవనం. తెలుగులో రైల్వే చిత్రం తీసి, ఆ ఊరికి పంపకపోవడం మరుపు కిందే లెక్క. సంగీతం విషయంలో సొంతంగా చేయించుకున్నది గానీ, హక్కులు రాతపూర్వకంగా కొన్నది గానీ తప్ప మరేదీ వాడవద్దు.

విడుదలకు ముందు ఒక ప్రదర్శన మాత్రం తప్పనిసరిగా పెట్టుకోవాలి. చిత్రంలో కనిపించిన కీమన్, ట్రాక్ మనుషులు, స్టేషన్ మాస్టరు, వీలైతే వారి ఇంటివాళ్ళు, అందరినీ పిలిచి, డ్యూటీ మారే వేళ చూసుకుని, గోడ మీద వేసినా సరే చూపించాలి. చేతిలో కాగితం పెట్టుకుని తెర వైపు కాక వారి ముఖాల వైపు చూస్తూ కూర్చోండి. ఎక్కడ ఒకరి వైపు ఒకరు తిరిగి గుసగుసలాడారో ఆ నిమిషం, సెకను రాసుకోండి. పరికరం పేరు తప్పుపడిందో, హెల్మెట్ లేని మనిషి వెనక కనిపించాడో, చేసే పని వరస తారుమారైందో, ఏదో ఒకటి అక్కడ ఉండే ఉంటుంది. మర్నాడు కూర్పు గదిలో ముందుగా తెరవవలసింది ఆ కాగితాన్నే.